పదహారు వేల దగ్గర తెగిన పాట

ఉప్పల్,
2 అక్టోబరు 2011

ప్రియమైన చెల్లి హరికి,

పాట వినేటప్పుడు మీ బావ ఒకచోట కళ్లు మూసుకుంటారు. అక్కడ ఏముంది? పెళ్లయిన దగ్గర్నుంచీ, అంటే పందొమ్మిదేళ్లుగా, ఈ ప్రశ్న నా దగ్గరే ఉండిపోయింది. ఆయన్ని అడగలేదు. అడిగితే కాగితం తీసుకుని, అలలు గీసి వివరిస్తారు. నిన్న మా ఇంట్లో నువ్వు కూడా సరిగ్గా అదే చోట కళ్లు మూసుకున్నావు. నేను చాయ్ గ్లాసులు పట్టుకుని నిలబడి చూశాను. అందుకని నిన్ను అడుగుతున్నాను.

నాచారానికీ ఉప్పల్‌కీ నాలుగు కిలోమీటర్లు లేవు, దీనికి ఉత్తరం ఎందుకంటావు. ఎదురుగా ఉంటే నేను మాట మార్చి కూరల గురించి మొదలుపెడతానని నీకు తెలుసు. ఫోన్లో అయితే ఆయన పక్కనే ఉంటారు. నువ్వు హన్మకొండలో బీఎడ్ చదివేటప్పుడు మనకు పడిన ఉత్తరాల అలవాటు ఇలాంటప్పుడు పనికొస్తోంది.

నిన్న నువ్వు వెళ్లాక మీ బావ ఆ పాటలు మళ్లీ మూడుసార్లు పెట్టుకున్నారు. పేపర్ హార్బర్ అనే ఆ బ్యాండ్ వాళ్లవి నాలుగు పెద్ద రికార్డులు, తొమ్మిది చిన్నవి, అన్నీ ఫ్లాక్ అనే ఫైళ్లుగా సంపాదించడానికి ఆయనకు ఆరేళ్లు పట్టింది. ఒక్కటే మిగిలిపోయింది, దాన్ని ఇన్నేళ్లూ పాత క్యాసెట్ మీదే విన్నారు. సీడీగా ఎప్పుడూ రాని ఆ పన్నెండంగుళాల రికార్డు మీ ఇంట్లోనే, మీ నాన్న మామయ్యగారి బీరువా మీద ఉందని ఆయనకు ఇన్నాళ్లూ గుర్తు రాలేదట. నీకు గుర్తొచ్చింది, కంప్యూటర్‌లోకి ఎక్కించి నిన్న తెచ్చిచ్చావు. ఆబిడ్స్‌లో ఆదివారం ఫుట్‌పాత్ మీద మామయ్యగారు అది కొన్నప్పుడు మీరిద్దరూ పక్కనే ఉన్నారట కదా. అప్పట్లో మీ బావ మీ ఇంట్లోనే ఉండి డిగ్రీ చదువుతున్నారు. నీకు పద్నాలుగు.

నేను చదివింది తర్కశాస్త్రం. చెప్పేదీ అదే. అయినా ఈ ఫ్లాక్ సంగతి నాకు ఆయన పదిసార్లు చెప్పాల్సి వచ్చింది. ఎంపీత్రీ అయితే మన చెవికి ఎలాగూ తెలియదనుకున్న శబ్దాలను తీసేసి పాటను చిన్నది చేస్తుందట. ఫ్లాక్ ఏమీ తీయదు, బట్టలు మడతపెట్టినట్టు మడతపెట్టి ఉంచుతుంది, విప్పితే ఉన్నది ఉన్నట్టు. సరే. కానీ రెండూ పెట్టి వినిపించి, "ఇప్పుడు సూడు తారా, తేడా ఇనబడ్తలేదా నీకు?" అని అడిగితే నాకు నిజంగానే వినబడలేదు. వినబడుతోందని అబద్ధం ఆడలేకపోయాను. ఆయన "పోనియ్" అన్నారు. ఆ పోనియ్ నాకు బాగా గుర్తుండిపోయింది.

తెలంగాణ కోసం సమ్మె మొదలై మీ బడి మూసేశాక నువ్వు వారానికి రెండుసార్లు వస్తున్నావు. రావద్దని కాదు. నువ్వు వస్తే ఆయన ముఖం వేరుగా ఉంటుంది, ఇల్లు కూడా బాగుంటుంది. నేను ఇది ఎలా రాస్తున్నానో నాకే అర్థం కావడం లేదు. మా అత్తగారు బతికి ఉన్నప్పుడు ఒకసారి నా ముందే అన్నారు, "హరి పిల్లనే జేసుకుంటడనుకున్నం, వీడు కాకినాడ పిల్లను తెచ్చిండు" అని. నవ్వుతూనే అన్నారు. నేనూ నవ్వాను. మేనమామ కూతురివి కాబట్టి ఆయనకు మరదలివి, ఆ వరసనే నాకు చెల్లెలివయ్యావు. ఒకే మనిషి పక్కన నిలబడాల్సిన ఇద్దర్ని అక్కాచెల్లెళ్లు అనమని ఎవరు నేర్పారో గానీ, బాగా ఆలోచించే నేర్పారు.

అక్కడ ఏం వినబడుతుందో రాయి. తప్పక రాయి.

నీ అక్క,
తార

---

నాచారం,
8 అక్టోబరు 2011

ప్రియమైన తారక్కకు,

నీ ఉత్తరం చదివి చాలాసేపు నవ్వుకున్నాను. ఇంత చిన్న ప్రశ్నకు పందొమ్మిదేళ్లు ఆగావా?

అది రెండో వైపు మూడో పాట. గాయకుడు రెండో చరణం ఎత్తుకోబోయే ముందు గాలి పీల్చుకుంటాడు. ఆ క్షణంలో డ్రమ్ములాయన కర్రను ఇత్తడి పళ్లెం అంచుకు ఆనించి, కొట్టకుండా ఊరుకుంటాడు. ఆ ఆనించిన చప్పుడు, ఆ ఊపిరి, రెండూ కలిసి ఒక రెప్పపాటు. ఎంపీత్రీలో అది చెరిగిపోతుంది, ఫ్లాక్‌లో ఉంటుంది. బావ కళ్లు మూసుకునేది అక్కడే. ఈసారి నువ్వు మా ఇంటికి రా, రికార్డు మీదే వినిపిస్తాను.

ఆ ఒక్క వైపు కంప్యూటర్‌లోకి ఎక్కించడానికి నేను పడిన కష్టం బావ చెప్పలేదా? మధ్యలో ఆపితే కుదరదు, ఒక వైపు మొత్తం ఒకే ఊపులో ఎక్కాలి. బొగ్గు గనులు కూడా సమ్మెలో ఉన్నాయి కదా, కరెంటు ఎప్పుడు పోతుందో తెలియదు. పదకొండుసార్లు మొదలుపెట్టాను. తొమ్మిదోసారి ఆఖరి పాట ఆఖరి నిమిషంలో పోయింది. మా ఆయన చెర్లపల్లిలో డ్యూటీ దిగి వచ్చి నన్ను చూసి, "మీ బావ కోసం కరెంటోళ్లను గూడ సమ్మె ఆపమంటవా ఏంది?" అన్నాడు. నాయిన మంచం మీద నుంచే, "ఆ గంట కొట్టే పాట మల్ల పెట్టు బిడ్డా, ఉమా ఎప్పుడొస్తడు ఇననీకె?" అని రోజూ అడుగుతున్నాడు. మోకాళ్లు పట్టేసి బయటికి పోలేకపోతున్నాడు కదా, మేనల్లుడు వస్తే ఆయనకు పండగ. బావను ఆదివారాలు జర పంపిస్తూ ఉండు.

అక్కా, నేను సైన్సు టీచర్‌ని అయిందే బావ వల్ల. తొమ్మిదో తరగతిలో నాకు శబ్దం పాఠం అర్థం కాకపోతే ఈ బ్యాండ్ పాట పెట్టి, నా నోటుబుక్కులో అల గీశాడు. "గిది నువ్వు, గిది నేను, నడుమ గాలి ఊగుతది, అంతే" అన్నాడు. ఆ నోటుబుక్కు ఇప్పటికీ ఉంది. ఏడో తరగతి పిల్లలకు కూడా నేను అదే బొమ్మ గీస్తాను.

ఇప్పుడు బావ వాళ్ల సర్కిల్‌లో ఆ రికార్డు ఇస్తాడట. పదకొండు మంది, హార్డ్ డిస్కులు చేతులు మార్చుకునే పిచ్చివాళ్లు. వాళ్ల పుస్తకంలో ప్రతి రికార్డుకూ ఎక్కించినవాళ్ల పేరు రాస్తారట. నా పేరు రాయిస్తానన్నాడు. ఆ పుస్తకంలో ఇంతవరకు ఆడపేరు లేదట. ఎందుకో నాకు మస్తు సంతోషంగా ఉంది. పిల్లలు మార్కుల కోసం చూసినట్టు చూస్తున్నాను.

నీ చెల్లి,
హరిచందన

---

ఉప్పల్,
9 డిసెంబరు 2011

హరిచందనకు,

కులాసానే కదా. మామయ్యగారి మోకాళ్లు ఎలా ఉన్నాయి?

మొన్న ఆదివారం జరిగినదాని గురించి రాయాలి. నువ్వు ఏడుస్తూ వెళ్లావని కాదు. నువ్వు ఏడవలేదు. కానీ జరిగింది నీకు పూర్తిగా తెలియాలి. మీ బావ తార్నాకలో గిరిప్రసాద్ గారింటికి డిస్క్ పట్టుకుని వెళ్లారు. నెలకోసారి వాళ్లు అక్కడే కలుస్తారు. గిరిప్రసాద్ గారు కొత్తగా వచ్చిన ప్రతిదాన్నీ శబ్దం బొమ్మగా చూపించే ప్రోగ్రాంలో పెట్టి చూస్తారట. అసలైన రికార్డు నుంచి తీసింది అయితే ఆ రంగు పైదాకా, ఇరవై వేల హెర్ట్జ్‌లు దాటి కూడా, పొగలా వ్యాపించి ఉంటుందట. నీది పదహారు వేల దగ్గర కత్తెరతో కోసినట్టు ఆగిపోయింది. అంటే అది ఎంపీత్రీ నుంచి చేసినదని అర్థమట. అందరి ముందూ ఆయన, "ఏందన్నా, ఎంపీత్రీకి ఫ్లాక్ అంగీ తొడిగి తెచ్చినవ్" అన్నారట. పదిమందీ నవ్వారు. పుస్తకంలో అప్పటికే రాసిన నీ పేరు కొట్టేశారు. మీ బావను మూడు నెలలు రావద్దన్నారు. వాళ్ల నియమం అదేనట, దొంగసరుకు ఎవరు తెచ్చినా.

భూకంపాల గీతలు చదివి బతికే మనిషి. లారీ పోయిన కుదుపేదో, భూమి కదిలిన కుదుపేదో చూడగానే చెబుతారని వాళ్ల ఆఫీసులో పేరు. అలాంటి మనిషి గీత తెలియకుండా మోసపోయాడని నవ్వితే ఎలా ఉంటుందో ఆలోచించు. అందుకే నిన్ను పిలిపించి అలా గట్టిగా అడిగారు. నువ్వు మొదట "నేనిచ్చింది మంచిదే బావా" అన్నావు. తర్వాత నువ్వే, "నేనే తప్పు ఫైల్ ఇచ్చిన్నేమో" అని ఒప్పుకున్నావు. తప్పు ఎవరికైనా జరుగుతుంది. ఆ కరెంటు కోతల్లో పదకొండుసార్లు ఎక్కించానన్నావు కదా, ఏదో ఒకటి కలిసిపోయి ఉంటుంది. నేను ఆయనకు అదే చెప్పాను.

కొన్నాళ్లు రాకపోతే మంచిదేమో. ఆయన కోపం తగ్గాక నేనే రాస్తాను. మామయ్యగారి దగ్గరికి కూడా ఇప్పుడప్పుడే రారనుకుంటా, అక్కడికి వస్తే నువ్వు ఉంటావు కాబట్టి. మామయ్యగారికి ఆఫీసు పని ఎక్కువగా ఉందని చెప్పు.

తారామణి

---

నాచారం,
14 డిసెంబరు 2011

తారక్కకు,

ఉత్తరం అందింది. సరే అక్కా. నాయినకు అలాగే చెప్పాను.

హరిచందన

---

ఉప్పల్,
8 జూన్ 2014

ప్రియమైన హరికి,

నేనే రాస్తానని చెప్పి రెండున్నరేళ్లు రాయలేదు. ఈ ఉత్తరం ఏప్రిల్ నుంచి రాస్తున్నాను. ఎనిమిది కాగితాలు చింపాను. మొన్న రెండో తారీఖున ఉప్పల్ చౌరస్తాలో రంగులు చల్లుకుంటూ, డప్పులు కొడుతూ జనం పోతుంటే, మా కాలనీలో అందరూ మిద్దెలెక్కి చూస్తుంటే, నేను లోపల తొమ్మిదో కాగితం మొదలుపెట్టాను. కిందింటి శాంతాబాయి గారు "తారమ్మా, రాష్ట్రం వచ్చె, మీరు కాకినాడోళ్లు ఏడుస్తున్నరా ఏంది లోపట్ల" అని నవ్వుతూ పిలిచారు. కాదండీ, వేరే పని అన్నాను.

మామయ్యగారు పోయిన పదో రోజున మీ ఇంట్లో నువ్వు నాకు వడ్డించావు. పప్పు వేశావు, నెయ్యి వేశావు, "అక్కా, ఇంకొంచెం అన్నం" అన్నావు. అంతే. మీ బావ తిని, చేయి కడుక్కుని గేటు బయట స్కూటర్ దగ్గర నిలబడ్డారు. తనను పెంచినంత పని చేసిన మేనమామ పోతే, ఆ ఇంట్లో కూర్చోవడానికి చోటు లేనట్టు నిలబడ్డారు. మీ ఆయన దామోదర్ గారు నా దగ్గరికి వచ్చి, "మామకు ఆఖరి దినాలల్ల ఉమన్న మీదనే పానం ఉండె వదినా. రాకపాయె" అన్నారు. తప్పుపట్టినట్టు కాదు, ఊరికే చెప్పినట్టు.

హరీ, నువ్వు ఇచ్చింది మంచి ఫైలే. దాన్ని చెరిపేసింది నేను.

నవంబరు పదిహేడు, గురువారం. తలనొప్పని కాలేజీకి సెలవు పెట్టాను. ఆయన ఆఫీసుకు వెళ్లారు. కంప్యూటర్ తెరిచి ఉంది. పేపర్ హార్బర్ ఫోల్డర్‌లో అన్నిటికీ రికార్డుల పేర్లు ఉన్నాయి, నీదానికి మాత్రం రికార్డు పేరు కాదు, "హరి ఎక్కించింది" అని ఉంది. చాలాసేపు చూశాను. నీ నోటుబుక్కు గుర్తొచ్చింది. గిది నువ్వు, గిది నేను. చెరిపేశాను. చెత్తబుట్టలోంచి కూడా తీసేశాను. అంతా అర నిమిషం.

తర్వాత భయం పట్టుకుంది. ఆయన నడకకు వెళ్లేటప్పుడు వినడానికి ఆ పాటల్నే ఎంపీత్రీగా చేసి ఒక పెన్‌డ్రైవ్‌లో పెట్టుకుంటారు, అది టేబుల్ మీదే ఉంది. ఎంపీత్రీని ఫ్లాక్‌గా మార్చే ప్రోగ్రాం ఆ కంప్యూటర్‌లోనే ఉంది. ఒక బటన్ నొక్కితే చాలు. అవే పేర్లు, అదే ఫోల్డర్. సైజు కూడా ఇంచుమించు దగ్గరగానే వచ్చింది. పాట పెట్టి విన్నాను. మూడో పాట, ఆ చోటు. నాకేమీ తేడా తెలియలేదు. నా చెవికి తేడా లేదు కాబట్టి తేడా లేదు. ఇరవై ఏళ్లు పిల్లలకు తర్కం చెప్పిన దాన్ని, ఆ వాక్యం నమ్మేసి వంట చేసుకున్నాను.

ఆయన సర్కిల్‌కి తీసుకెళతారని తెలుసు. అక్కడ బొమ్మ చూస్తారని తెలియదు. ఇది నిజం. కానీ ఆ ఆదివారం ఆయన నీ మీద కేకలు వేస్తున్నప్పుడు మాత్రం నాకు అన్నీ తెలుసు. వంటింటి గుమ్మంలోనే ఉన్నాను. ఒక్క మాట చాలు. అనలేదు. నువ్వు తప్పు నీదేనేమో అన్నప్పుడు నాకు కలిగింది జాలి కాదు, రాయడానికి సిగ్గుగా ఉంది, ఊపిరి తిరిగింది. ఆ వారమంతా ఇంట్లో పాటలు లేవు. ఆయన నా పక్కన కూర్చుని టీవీ చూశారు. నేను సంతోషంగా ఉన్నాను. తర్వాత ఆ డిసెంబరు ఉత్తరం రాశాను, ఎంత పద్ధతిగా రాశానో నువ్వు చూశావు.

ఆయనకు ఇంకా చెప్పలేదు. చెప్పాలా? చెబితే మామయ్యగారు లేచి వస్తారా అని ఒక మనసు. చెప్పకపోతే నీ పేరు ఆ పుస్తకంలో కొట్టేసే ఉంటుందని ఒక మనసు. ఇరవై రెండేళ్ల కాపురం ఏమవుతుందోనని ఇంకొకటి, నిజం చెప్పాలంటే అదే పెద్దది. నువ్వు ఏం చెయ్యమంటే అది చేస్తాను. ఇలా అడగడం కూడా బరువు నీ మీద పెట్టడమేనని తెలుసు.

నీ అక్క అని రాసుకునే ధైర్యం లేదు.

తార

---

నాచారం,
15 జూన్ 2014

ప్రియమైన తారక్కకు,

నువ్వు అక్కవే. వరసలు అంత తొందరగా పోవు.

నాకు ఆ రోజే తెలుసు. బావ తెర మీద ఆ బొమ్మ చూపించాడు కదా, పదహారు వేల దగ్గర గీత. నా ఫైల్ నేను వంద సార్లు చూసుకున్నాను, దానికి ఆ గీత లేదు. ఫైల్ తారీఖు కూడా పక్కనే కనబడుతోంది, నవంబరు పదిహేడు. నేను ఇచ్చింది అక్టోబరులో. "నేనిచ్చింది మంచిదే బావా" అని తల ఎత్తాను. నువ్వు గుమ్మంలో ఉన్నావు. నీ చేతిలో గ్లాసులు ఒకదానికొకటి తగిలి చప్పుడు చేస్తున్నాయి. అప్పుడు అన్నాను, తప్పు నాదేనేమో అని.

నిన్ను కాపాడానని మాత్రం అనుకోకు. ఈ రెండున్నరేళ్లలో నువ్వు అలా అనుకుని బాధపడి ఉంటే, అది ఇంక వద్దు. ఆ సాయంత్రం హబ్సిగూడ దాకా బస్సులో నిలబడి వెళ్లాను, లోపల నవ్వు ఆగలేదు. అక్కకు నేనంటే భయం. ఇదే మాట మళ్లీ మళ్లీ అనుకున్నాను. మీ పెళ్లిలో నీ చీర కుచ్చిళ్లు సర్దింది నేనే, గుర్తుందా? అప్పుడు నువ్వు నా చెంప తట్టి, "మీ బావను నేను బాగా చూసుకుంటాలే" అన్నావు. అంత ధీమాగా. పందొమ్మిదేళ్లు నన్ను ఒక్కరోజు అనుమానించలేదు. నేను వస్తే చాయ్ పెట్టి పక్క గదిలోకి వెళ్లేదానివి. అనుమానించదగ్గ మనిషిని కూడా కానా అని మండిపోయేది. బావకూ నాకూ మధ్య ఏమీ లేదు, నీకూ తెలుసు. కానీ ఏమీ లేదని నీకు అంత బాగా తెలియడం నాకు నచ్చేది కాదు. ఆ గీత చూసినప్పుడు నాకు దక్కాల్సింది ఏదో దక్కినట్టయింది. పేరు కొట్టేస్తే కొట్టేయనీ అనుకున్నాను.

ఇంకొకటి. ఆ ఊపిరి, ఆ కర్ర చప్పుడు, నాకు వినబడవు. ఎప్పుడూ వినబడలేదు. తొమ్మిదో తరగతిలో బావ "ఇనబడ్తుందా?" అని అడిగాడు. ఇనబడ్తుంది అన్నాను. అప్పట్నుంచి అదే. నీకు రాసిన వివరం కూడా బావ నాకు చెప్పిందే. బావ కళ్లు మూసుకున్నప్పుడు నేను ఓరగా చూసి మూసుకునేదాన్ని. నువ్వు వినబడలేదని చెప్పావు చూడు, ఆ పని నాకు చేతకాలేదు.

నాయిన సంగతి. ఆఖరి పదిహేను రోజులు గేటు చప్పుడైతే చాలు, "ఉమా వచ్చిండా?" అనేవాడు. ఫోన్ తీసి, బావా ఆ ఫైల్ నాది కాదు, నాయిన నీకోసం చూస్తున్నాడు రా అంటే, అరగంటలో వచ్చేవాడు. నేను ఫోన్ తీయలేదు. అప్పటికి సంతోషం ఎప్పుడో పోయింది, మొండితనం మిగిలింది. కాబట్టి ఆ తప్పు మొత్తం నువ్వు ఎత్తుకోకు. నా వాటా నాకు ఉండనీ.

చెప్పమంటావా అని అడిగావు. చెప్పు అక్కా. పుస్తకంలో పేరు కోసం కాదు. నాయిన ఫొటో ముందు బావ ఒక్కసారి వచ్చి కూర్చోవాలి, నా మీద కోపం లేకుండా కూర్చోవాలి. నేను చెప్పను. ఆ రోజు చెప్పాల్సింది చెప్పకుండా చెప్పే హక్కు పోగొట్టుకున్నాను.

నీ చెల్లి,
హరి

---

ఉప్పల్,
22 జూన్ 2014

ప్రియమైన చెల్లి హరికి,

చెప్పాను. ఈరోజు పొద్దున, టిఫిన్లయ్యాక. ఈ ఉత్తరం నీకు చేరేలోపే నీకు అంతా తెలిసిపోతుంది, ఎందుకంటే ఆయన ఇప్పుడు మీ ఇంట్లోనే ఉన్నారు. అయినా నా వైపు నుంచి రాయాలి.

ఆయన టేబుల్ దగ్గర బీరకాయలు చెక్కు తీస్తున్నారు. నేను ఎదురుగా కూర్చుని తారీఖుతో సహా చెప్పాను. నీ ఉత్తరంలో నువ్వు నీ గురించి రాసుకున్నది చెప్పలేదు, అది నీది. నేను చెప్పినంతసేపూ ఆయన చేతిలో కత్తి ఆగలేదు. అంతా అయ్యాక, "నాకు ఎర్కనే" అన్నారు.

"ఎప్పట్నుంచి?" అన్నాను.

"ఎప్పట్నుంచైతేంది తారా."

"తెలిస్తే మరి హరిని ఎందుకు అన్నారు? మామయ్యగారి దగ్గరికి ఎందుకు వెళ్లలేదు?"

ఇంకో బీరకాయ తీసుకున్నారు. "పొట్టు పారెయ్యకు, పచ్చడి జేద్దువు" అన్నారు. తర్వాత లేచి గిరిప్రసాద్ గారికి ఫోన్ చేశారు. "గిరీ, మన బుక్కుల హరిచందన పేరు మల్ల రాయి. ఆమె ఇచ్చింది అసలుదే. ఖరాబైంది నా ఇంట్ల." అవతల ఆయన ఏదో హాస్యమాడినట్టున్నారు, ఈయన నవ్వలేదు. నా ఇంట్ల అన్నారు, నా పెళ్లాం అనలేదు. ఫోన్ పెట్టేసి, "నాచారం పోయొస్త" అన్నారు. నేనూ వస్తానన్నాను. "ఇయ్యాల వద్దు" అన్నారు. కోపంగా అనలేదు. స్కూటర్ చప్పుడు సందు మలుపు దాకా విన్నాను.

వెళ్లి మూడు గంటలైంది. పచ్చడి చేశాను. కూర్చుని ఆలోచిస్తున్నాను, ఆలోచించడం ఒక్కటే నాకు వచ్చు కదా.

తెలుసు అన్నది నిజమే అయి ఉండొచ్చు. నువ్వు చూసిన తారీఖు ఆయనా చూసి ఉంటారు. నవంబరు పదిహేడున తాను ఆఫీసులో ఉన్నానని, ఇంట్లో ఉన్నది నేనని తెలియడానికి పెద్ద చదువు అక్కర్లేదు. అలాగైతే నా పేరు బయటికి రాకుండా నిన్ను బలిచేశారు. నీ ముఖం చూడలేక మీ ఇంటి గడప తొక్కలేదు, మామయ్యగారు పోయేదాకా. అంత నన్ను కాపాడుకున్నారంటే నాకు సంతోషం కలగాలి. ఆ మనిషి తన మేనమామనే అలా వదిలేయగలిగాడని అనుకుంటే కలగడం లేదు.

లేకపోతే, తెలియనే తెలియదు. ఆ రోజు అందరి ముందు పోయిన పరువు మంటలో తారీఖు చూడలేదు. నువ్వు ఒప్పుకున్నావు, నమ్మేశారు. ఈ పొద్దున నేను చెబుతుంటేనే మొదటిసారి విన్నారు, వింటూ వింటూనే నా ముఖం చూసి, నేను కూలిపోకుండా ఉండడానికి ఎర్కనే అన్నారు. అలాగైతే ఆయన మంచివాడు. కానీ నిన్ను రెండున్నరేళ్లు నిజంగానే మోసగత్తెవని అనుకున్నాడు. నోటుబుక్కులో నీకు అల గీసిన మనిషి అంత తేలిగ్గా నమ్మాడా? దానికి నాకు సంతోషమా? కొంచెం అవుననిపిస్తోంది, ఇప్పటికీ. చూడు నా బుద్ధి.

మళ్లీ అడిగితే చెబుతారేమో. అడగనని కాదు, ఏ జవాబు వస్తుందోనని భయం.

నీ దగ్గర కూర్చుని ఆయన ఏం చెప్పారో నాకు రాయాల్సిన పని లేదు. రాస్తే చదువుతాను. మీరిద్దరూ మామయ్యగారి గురించి మాట్లాడుకుంటారు, ఏడుస్తారు, నేను అక్కడ లేను. అసూయగానే ఉంది హరీ. పోయిందని నీకు అబద్ధం రాయలేను. వచ్చే ఆదివారం నువ్వు మా ఇంటికి భోజనానికి రా, దామోదర్ గారిని కూడా తీసుకురా. నేను పక్క గదిలోకి వెళ్లను, మీతోనే కూర్చుంటాను.

ఆయనకు ముందే తెలుసో, ఈ పొద్దునే తెలిసిందో నేను తేల్చుకోలేకపోతున్నాను. అది ఆయన చెబితే తేలుతుంది. ఆ రెండింటిలో ఏది నిజం కావాలని నేను కోరుకుంటున్నానో అది మాత్రం ఎవరు చెప్పినా తేలేది కాదు. పొద్దుట్నుంచి అటు ఒకసారి, ఇటు ఒకసారి అనుకుంటూనే ఉన్నాను. నాకు తెలియడం లేదు.

నీ అక్క,
తార